మీ నాయనకు ఇయ్యాల ఏ షిఫ్టు?

కరోనా పోయిందని ప్రభుత్వం కంటే ముందు జనమే నమ్మేసిన ఏడాది అది. గోదావరిఖనిలో నా ఫిజియోథెరపీ క్లినిక్ మళ్లీ నిండటం మొదలైంది. నిండటమంటే గొప్పగా ఊహించుకోవద్దు. రెండు మంచాలు, మెడలు లాగే ఒక బల్ల, గోడకు వెన్నుపూస బొమ్మ, ఆ బొమ్మ మీద సన్నగా బొగ్గుపొడి. రోజూ తుడుస్తాను, రోజూ వస్తుంది. మా ఇద్దరి మధ్య ఒక అవగాహన కుదిరింది.

నా దగ్గరికి వచ్చేవాళ్లలో ఎక్కువమంది డంపర్లు నడిపి నడుము పట్టేసినవాళ్లు, ఏళ్ల తరబడి బాయిలో వంగి వంగి ఇక నిటారుగా నిలబడటం ఎందుకులే అనుకున్నవాళ్లు. బాయి అంటే మా దగ్గర బొగ్గుగని. ఫిజియోథెరపిస్టు అన్నంత పొడుగు మాటతో వాళ్లకు పని లేదు. నొప్పి ఉన్నచోట మెషీన్‌తో కొద్దిపాటి కరెంటు పంపిస్తాను కాబట్టి నేను ‘కరెంటు పెట్టే మేడం’ని. కొత్తవాళ్లు క్లినిక్‌కు దారి అడిగితే ఆటోవాళ్లు కూడా అదే చెబుతారు. కరెంటు పోయిన రోజు మాత్రం నా పరువు కూడా పోతుంది.

క్లినిక్ సంగతి అలా ఉంచితే, రాష్ట్రస్థాయి సాఫ్ట్‌బాల్ క్యాంపులకు కొన్నేళ్లుగా ఉచితంగా వెళ్తుండేదాన్ని. ఉచితం అన్న మాట క్రీడా సంఘాలకు బాగా గుర్తుంటుంది. అందుకే ఒకరోజు ఫోన్ వచ్చింది. పద్దెనిమిదేళ్లలోపు అమ్మాయిల జాతీయ జట్టు అంతర్జాతీయ పోటీకి వెళ్తోంది, వెళ్లాల్సిన ఫిజియో పెళ్లి కుదిరి ఆగిపోయింది, మీరు వెళ్తారా అని. అంత పెద్ద పనికి నేను సరిపోతానా అని నాకు నిజంగానే అనుమానం వచ్చింది. ఫోన్ చేసినాయన ఆ అనుమానం ఒక్క ప్రశ్నతో తీర్చేశాడు. “మేడం, మీకు పాస్‌పోర్టు ఉంది కదా?”

ఉంది. అమ్మను యెరూషలేము యాత్రకు తీసుకెళ్దామని తీయించిన పాస్‌పోర్టు అది. అమ్మ మోకాళ్లు ఒప్పుకోక ఆ యాత్ర ఆగిపోయింది. ఒక ఫిజియో కన్నతల్లి మోకాళ్ల గురించి ఇంతకంటే ఎక్కువ మాట్లాడటం వృత్తికి మంచిది కాదు.

ఆట తెలియనివాళ్లకు రెండు మాటలు. సాఫ్ట్‌బాల్ అంటే బేస్‌బాల్‌కు చెల్లెలు. పేరులో సాఫ్ట్ ఉన్నంత మాత్రాన బంతి మెత్తగా ఉంటుందనుకోవద్దు. ఆ పేరు పెట్టినవాళ్లకు బంతి తగిలి ఉండదు. క్రికెట్‌లో లాగానే ఇందులోనూ గాల్లోకి లేచిన బంతిని నేల తాకకముందే పట్టుకుంటే కొట్టినవాళ్లు ఔట్. చిక్కెక్కడంటే, బంతి ఇద్దరి మధ్య లేచినప్పుడు ఎవరు పట్టాలన్నది. అందుకని పట్టేవాళ్లు ముందే గట్టిగా కేక వెయ్యాలి. దాన్ని కాల్ అంటారు. దేశమంతటా అమ్మాయిలు వేసే కాల్ ఇంగ్లిష్ మాట, ‘మైన్’. అంటే ‘నాది’ అని.

ఇప్పుడు రవళి గురించి చెప్పాలి. ఆ జట్టులో మా ప్రాంతం పిల్ల ఆమె ఒక్కతే. సెంటినరీ కాలనీ బొగ్గు కంపెనీ క్వార్టర్లలో పుట్టి పెరిగింది. తండ్రి ఓదెలు అండర్‌గ్రౌండ్ బాయిలో కార్మికుడు. రవళి ఆడే చోటును షార్ట్‌స్టాప్ అంటారు. పరుగు తీసేవాళ్లు తాకాల్సిన రెండో బేసుకు, మూడో బేసుకు మధ్య నిలబడి, వచ్చిన ప్రతి బంతికీ అడ్డం పడటం ఆ చోటు పని. సన్నగా, నల్లగా, తాడులా ఉండేది. అన్నం తక్కువ తినేది, మాట్లాడటం ఇంకా తక్కువ. బంతి మాత్రం వదిలేది కాదు.

జాతీయ క్యాంపులో కోచ్‌కు, రవళికి ఒకే ఒక్క తగువు. ఆయన నాగ్‌పూర్ వైపు మనిషి, మంచివాడే, గొంతు మాత్రం మైదానానికి సరిపడా పెద్దది. “రవళీ! మైన్ బోలో! మైన్!” అని అరిచేవాడు. ప్రాక్టీసులో మైన్ అనేది. బంతి నిజంగా మీదికొచ్చినప్పుడు మాత్రం నోట్లోంచి వచ్చేది “నా! నా!”

నేనొకసారి అడిగాను. “మైన్ అనడానికి ఏమైతదే నీకు?”

“మా కాలనీల గట్ల అనద్దు మేడం,” అంది.

“ఎందుకు?”

“శిన్నప్పుడు మేము గ్రౌండ్‌ల మైన్, మైన్ అని ఒర్రినం. అందరం ఒక్కసారే. క్వార్టర్లకెల్లి అమ్మలందరు ఉరికొచ్చిండ్రు, బాయిల ఏదో అయిందని. మా అమ్మ అయితే పిండి చేతులతోనే వచ్చింది. గా దినం అందరికి దెబ్బలు పడ్డయి. మా పీఈటీ సారు గప్పటిసంది ‘నా’ అనుమన్నడు.”

ఇంగ్లిష్‌లో మైన్ అంటే గని కూడా. బొగ్గుగనుల ఊళ్లో పెరిగినదాన్ని, నాకు ఇంకేం చెప్పనక్కరలేదు. కోచ్‌కు చెప్పి చూశాను. ఆయన ఓపిగ్గా విని, “మేడం, వహా కోయలా నహీ హై,” అన్నాడు. నిజమే, మేము వెళ్లే చోట బొగ్గు లేదు.

ఆ దేశం పేరు చెప్పను. చెప్పేంతగా నేను చూడలేదు. విమానాశ్రయం, హోటల్, మైదానం, మందుల దుకాణం, అంతే. సముద్రం ఉందన్నారు, నమ్మాను. ఉదయం అమ్మాయిల చీలమండలకు టేపు చుట్టడం, సాయంత్రం విప్పడం, మధ్యలో ఐసు పెట్టడం. అంతర్జాతీయ స్థాయిలో నేను చేసిన పని ఇది. మా జట్టు కొన్ని ఓడి, కొన్ని గెలిచి, ఎవరూ ఊహించనట్టు మూడో స్థానం అంచుల దాకా పాకింది. చివరి రోజు పొద్దున ఒక మ్యాచ్ గెలిస్తే, సాయంత్రం కాంస్యం కోసం ఆడాలి.

ఆ పతకం ఏమిటో ఆ పిల్లలకు నాకంటే బాగా తెలుసు. అంతర్జాతీయ పతకం ఉంటే స్పోర్ట్స్ కోటాలో ఉద్యోగానికి గట్టి దారి. లేకపోతే ఫోటోలుంటాయి. రవళి ఆ సంగతి నాకు టేపు వేయించుకుంటూ ఒకసారి చెప్పింది, తనకు సంబంధం లేని విషయం చెబుతున్నట్టు. “నాయన తర్వాత డిపెండెంట్ నౌకరి అన్నకే మేడం. ఇంట్ల మాట అయిపోయింది. నాకేమున్నది, ఈ గ్లవ్ ఉన్నది.”

పొద్దుటి మ్యాచ్ చివరి దాకా వచ్చింది. మేము ఒక్క పరుగు ముందున్నాం. ఎదుటి జట్టులో ఒక బలమైన పిల్ల బంతిని గాల్లోకి లేపింది. అది పోయి పోయి, రవళి వెనకాల, ఎడమవైపు దూరంగా లెఫ్ట్‌ఫీల్డ్‌లో ఉన్న హర్‌ప్రీత్‌కు ముందు, సరిగ్గా ఎవరిదీ కాని చోట దిగసాగింది. రవళి వెనక్కి పరుగెడుతూ తల పైకెత్తి అరిచింది. “నా! నా! నా!”

హర్‌ప్రీత్ పంజాబ్ పిల్ల. ‘నా’ అంటే వాళ్ల భాషలో వద్దు, కాదు. షార్ట్‌స్టాప్ నాకొద్దు నాకొద్దు అని అరుస్తోందంటే బంతి తనదేనన్నమాట. ఆ పిల్ల కూడా బంతి మీదే కళ్లు పెట్టి పూర్తి వేగంతో ముందుకొచ్చింది. మా కాలనీ మాట, వాళ్ల ఊరి మాట గాల్లో ఎదురుపడ్డాయి. మనుషులు ఆ వెంటనే.

చప్పుడు డగౌట్ దాకా వినిపించింది. ఆటగాళ్లు కూర్చునే అరుగును డగౌట్ అంటారు. నేను సంచి పట్టుకుని పరుగెత్తేసరికి హర్‌ప్రీత్ నోటి నిండా రక్తం. రవళి అప్పటికే లేచి నిలబడింది. గ్లవ్‌లో బంతి ఉంది. వదలలేదు. అంపైర్ ఔట్ ఇచ్చాడు, మ్యాచ్ అయిపోయింది, మేము గెలిచాం. పిల్లలందరూ రవళిని ఎత్తుకున్నారు. నేను హర్‌ప్రీత్ పెదవిని గుడ్డతో అదిమి పట్టుకుని, ఆ సంబరం మధ్య పైకి లేచిన రవళి తలను చూస్తున్నాను. ఎవరి ఏది ఎవరి దేనికి తగిలిందో నేను చూడలేదు. కోచ్ చూడలేదు. అందరూ బంతినే చూశారు.

“తలకేమైన తాకిందా?” అని అడిగాను, కిందికి దిగాక.

“లే మేడం. భుజం తాకింది గంతే.” భుజం చూపించింది. నిజంగానే కమిలింది. పోటీ నిర్వాహకుల డాక్టరు ఆమె కళ్లల్లోకి టార్చి వేసి చూసి, పేరు, దేశం అడిగి, బొటనవేలు పైకెత్తాడు. హర్‌ప్రీత్‌కు కుట్లు వెయ్యడానికి తీసుకెళ్లాడు.

ఇక్కడ నా వృత్తిలోని ఒక మాట చెప్పాలి, కంకషన్. తల అదిరినప్పుడు మెదడు కాసేపు దారి తప్పడం అన్నమాట. రక్తం రాదు, ఎముక విరగదు, ఎక్స్‌రేలో కనపడదు. మనిషి నవ్వుతాడు, నడుస్తాడు, మాట్లాడతాడు. అదే రోజు ఇంకో దెబ్బ పడితే మాత్రం ఆ దారి మళ్లీ దొరక్కపోవచ్చు. చిన్నవయసు వాళ్లకు మరీ ప్రమాదం. అందుకే మాకు చెప్పేది ఒకటే, అనుమానం ఉంటే ఆడించవద్దని. అనుమానం ఎంత ఉండాలో మాత్రం ఎవరూ చెప్పరు.

నాకు ఆ అనుమానం అన్నం దగ్గర వచ్చింది. రవళి ఇంటి నుంచి మామిడికాయ తొక్కు డబ్బా తెచ్చింది. పోటీ మొదలైనప్పటి నుంచీ ఆ హోటల్ తిండిని మా అందరి చేత తినిపించింది ఆ తొక్కే. ఆ మధ్యాహ్నం డబ్బా తెరిచి అందరికీ వడ్డించింది, నాకూ వేసింది. కూర్చుంది. కాసేపాగి మళ్లీ లేచి, డబ్బా తెరిచి, మొదటి నుంచీ వడ్డించడం మొదలుపెట్టింది.

“ఇప్పుడే ఏసినవు గదనే,” అన్నాను.

“ఏసిన్నా?” అంది. నా కంచంలో ఉన్న తొక్కు వైపు చూసింది. నవ్వింది. “మల్ల ఏసుకోండ్రి మేడం, అయిపోతది.”

గెలిచిన సంతోషంలో ఎవరైనా రెండుసార్లు వడ్డించవచ్చు. మా మేనత్త ఏ గెలుపూ లేకుండానే వడ్డిస్తుంది. అయినా అన్నం సయించలేదు. తిన్నాక ఆమెను గదికి పిలిచి తలుపు దగ్గరికి వేశాను. కోచ్ వెనకే వచ్చి గోడకు ఆనుకుని నిలబడ్డాడు. ఆయన ముఖంలో కాంస్యం మెరుస్తోంది.

కంకషన్ పరీక్షలో కొన్ని మామూలు ప్రశ్నలుంటాయి. ఈ మైదానం పేరేంటి, పోయిన మ్యాచ్ ఎవరితో, గెలిచామా. తర్వాత కొన్ని మాటలు చెప్పి మళ్లీ చెప్పమంటాం. నెలల పేర్లు డిసెంబరు నుంచి వెనక్కి చెప్పమంటాం. ఒంటికాలి మీద నిలబెడతాం. చిక్కేమిటంటే, వెళ్లేముందు క్యాంపులో అందరికీ ఇదే పరీక్ష పెట్టాం, మామూలుగా ఎలా చేస్తారో తెలియాలని. జాతీయ జట్టుకు ఎంపికైన పిల్లలు. పరీక్ష అంటే బట్టీ పట్టారు. నెలలు వెనక్కి చెప్పడం బస్సులో పాటగా పాడుకున్నారు. బాగానే పాడేవాళ్లు కూడా.

రవళి అన్నీ చెప్పింది. డిసెంబర్ నవంబర్ అక్టోబర్ అని రాగం తీసింది. మాటలు చెప్పింది. ఒంటికాలి మీద కొంగలా నిలబడింది. కోచ్ చప్పట్లు కొట్టినంత పని చేశాడు. “పర్ఫెక్ట్ హై మేడం. ఛోడ్ దో.”

వదిలెయ్యాలనే నాకూ ఉంది. నేను అలిసిపోయి ఉన్నాను, పిల్ల బాగానే కనిపిస్తోంది, డాక్టరు బొటనవేలు ఎత్తాడు. అభ్యంతరం ఎవరిదీ లేదు, తొక్కుది తప్ప. ఆ క్షణంలో ఆ మాట ఎక్కడి నుంచి వచ్చిందో తెలియదు, ఏ పుస్తకంలోంచీ కాదు.

“రవళీ, మీ నాయనకు ఇయ్యాల ఏ షిఫ్టు?”

బయటివాళ్లకు ఇది కుశల ప్రశ్నలా ఉంటుంది. బొగ్గుబాయి ఇంట్లో పుట్టినవాళ్లకు కాదు. పొద్దున మొదటి షిఫ్టా, మధ్యాహ్నం రెండో షిఫ్టా, రాత్రి షిఫ్టా అన్నదాని మీద ఇల్లంతా నడుస్తుంది. నాన్న రాత్రి షిఫ్టు చేసొచ్చి పడుకుంటే పగలు కుక్కర్ విజిల్ వెయ్యకూడదు, టీవీకి నోరుండకూడదు, పక్కింటి పిల్లలు కూడా గోడ అవతలే గుసగుసలాడాలి. మార్కుల కాగితం మీద సంతకం ఎప్పుడు అడగాలి, ఎప్పుడు అడిగితే చెంప పగులుతుంది, అదీ షిఫ్టును బట్టే. వారం వారం మారుతుంది, ఎవరూ చెప్పకుండానే పిల్లలకు తెలిసిపోతుంది. మా నాన్న రిటైరై, ఆ తర్వాత పోయి చాలా కాలమైంది. నేను పదో తరగతి పరీక్షలు రాసిన వారం ఆయనది రాత్రి షిఫ్టు. ఇప్పుడు లేపి అడిగినా చెబుతాను. పరీక్షలో ఏం రాశానో మాత్రం చెప్పలేను.

రవళి నవ్వుతూనే నోరు తెరిచింది. నోరు తెరుచుకునే ఉంది, మాట రాలేదు. నా ముఖం చూసింది, తన చేతులు చూసుకుంది, కిటికీ వైపు చూసింది.

“నాయనకా?” అంది.

“ఆఁ, నాయనకు.”

“నాయనకు...” కళ్లు మెల్లగా నిండాయి. “తెల్వది మేడం.”

“షిఫ్ట్? యే కౌన్సా టెస్ట్ హై?” అన్నాడు కోచ్.

“మా ఊరి టెస్టు సార్,” అన్నాను హిందీలో. “ఈ పిల్ల ఆడదు.”

తర్వాత జరిగినదాన్ని సంభాషణ అనలేను. ఇది ఏ పుస్తకంలో ఉంది అని ఆయన, ఎందులోనూ లేదు అని నేను. డాక్టరు ఫిట్ అన్నాడు కదా అని ఆయన, డాక్టరు ఆమెను మా భాషలో ఏమీ అడగలేదు అని నేను. ఆయన చివరికి గొంతు తగ్గించి, “మేడం, ఈ పిల్లల్లో ఎంతమందికి ఇది ఆఖరి అవకాశమో తెలుసా?” అన్నాడు. ఆయన అరిచినప్పుడు తట్టుకున్నాను. ఇది తట్టుకోవడం కష్టమైంది. మంచి మనుషులతో వాదించడంలో ఉన్న ఇబ్బంది అదే.

రవళి నా చెయ్యి పట్టుకుంది. “మేడం, మీ కాళ్లు మొక్కుత. ఒక్క మ్యాచ్. గీ ఒక్కటి ఆడనియ్యండ్రి, తర్వాత పండుమంటే నెల దినాలు పండుకుంట.”

“ఆడవు బిడ్డ,” అన్నాను.

“మీరు మావోళ్లు అనుకున్న,” అంది.



సాయంత్రం మ్యాచ్‌లో షార్ట్‌స్టాప్‌గా కేరళ పిల్ల ఆడింది. బాగానే ఆడింది. పెదవికి కుట్లతో హర్‌ప్రీత్ కూడా ఆడింది, పెదవి పగిలితే ఆడొచ్చు. ఆఖర్లో ఒక బంతి లేచి, పొద్దున ఏ చోట దిగిందో అటూ ఇటూగా అక్కడే దిగింది. ఈసారి ఇద్దరూ జాగ్రత్తగా ఆగారు, ఒకరి కోసం ఒకరు. బంతి వాళ్ల మధ్య మర్యాదగా నేల మీద పడింది. ఆ పరుగుతో ఓడిపోయాం.

రవళి డగౌట్‌లో నా పక్కనే కూర్చుంది. దగ్గర కూర్చోబెట్టుకొమ్మని నియమం.   ఓడినందుకు నన్ను ఎవరూ ఏమీ అనలేదు. రోజూ “గుడ్ మార్నింగ్ మ్యామ్” అనే పిల్లలు మర్నాడు గుడ్ మార్నింగ్ మానేసి ఉత్త “మ్యామ్” అన్నారు. విమానంలో నా పక్క సీటు ఖాళీగా వచ్చింది. కాళ్లు చాపుకున్నాను. ఏడుపొచ్చింది కానీ భోజనం ట్రే అడ్డం వచ్చింది.

తిరిగొచ్చాక కరీంనగర్‌లో రవళికి స్కానింగ్ చేయించారు. అంతా మామూలుగా ఉంది. కంకషన్ స్కానింగ్‌లో కనపడదని నేను ఇంతకుముందే చెప్పాను, మీకు గుర్తుండే ఉంటుంది. కోచ్‌కు గుర్తులేదు. “స్కాన్ నార్మల్. గాడ్ బ్లెస్ యూ మేడం,” అని మెసేజ్ పెట్టాడు. దాంతో ఆయన్ను తిట్టడానికి కూడా లేకుండా పోయింది.

ఆ రోజుల్లో క్లినిక్‌లో పని చేస్తూ అదే ఆలోచన. నా పనిలో ఉన్న అన్యాయం ఏమిటంటే, నేను చేసింది సరైందైతే ఏమీ జరగదు. ఏమీ జరగకపోవడాన్ని ఎవరికి చూపిస్తాం? ఎముక అతికితే చూపించవచ్చు. పగలని తలను పట్టుకుని ఇదిగో చూడండి అనలేం. ఒక డంపర్ ఆపరేటర్ బల్ల మీద బోర్లా పడుకుని, “మేడం, ఇయ్యాల కరెంటు జెర ఎక్కువ పెట్టినట్టున్నరు,” అనేదాకా చూసుకోలేదు. తగ్గించాను. ఆయన మీద కోపం లేదు పాపం.

మళ్లీ ఆటలోకి దించే ముందు రవళిని ఒకసారి చూడాలి, అది నా బాధ్యత. ఆమె నా క్లినిక్‌కు రాదని తెలుసు కాబట్టి ఒక ఆదివారం చర్చి అయ్యాక నేనే సెంటినరీ కాలనీకి వెళ్లాను. ఓదెలు ఇంట్లోనే ఉన్నాడు. కుర్చీ వేసి, తువ్వాలతో దులిపి, కూర్చోమన్నాడు. తల్లి చాయ్ పెట్టడానికి లోపలికి పోయింది. రవళి తలుపు దగ్గర నిలబడింది, లోపలికీ కాదు బయటికీ కాదు.

ఊరికే మాట కలుపుదామని అడిగాను. “ఓదెలన్నా, ఇప్పుడు ఏ షిఫ్టు నీకు?”

“ఏం షిఫ్టమ్మ, అంత ఆగమాగం ఉన్నది,” అన్నాడు. “మా బాయి మూసిండ్రు గద. మమ్ములనందర్ని తీసి పైకెల్లి తవ్వే ఓపెన్‌కాస్టుల ఏసిండ్రు. బిడ్డ ఆడనీకి పోయిన వారమే గదంత అయింది. గా వారం నాది ఏ షిఫ్టో నాకే సక్కగ తెల్వకుండె.”

చాయ్ ఇంకా రాలేదు, కానీ నా చేతిలో ఏదో ఒలికినట్టయింది. తండ్రికే తెలియని షిఫ్టు. ఆ పిల్ల నిజమే చెప్పిందన్నమాట. తెల్వది అంటే తెల్వకే. ఆ ఒక్క మాట మీద నేను ఆమెను కూర్చోబెట్టాను. జట్టును, పతకాన్ని, కోటాను అన్నింటినీ ఆ మాట పక్కనే కూర్చోబెట్టాను. అన్నీ సరిగ్గా చెప్పిన పిల్లను, ఏ పుస్తకంలోనూ లేని, జవాబు కూడా లేని ప్రశ్నతో తప్పించాను.

“నీకు తెల్వకుండె నాయన,” అంది రవళి తలుపు దగ్గరి నుంచి, విసుగ్గా. “నాకు తెల్సు. గా వారం నీది సెకండ్ షిఫ్టు. పాత బాయిల ఆఖరి వారం అది. సోమారం సంది కొత్తకాడ ఫస్ట్ షిఫ్టు. నేను అక్కడ పొద్దుగాల లేచినంక అమ్మ ఫోన్ల చెప్పింది.”

“ఎప్పుడు చెప్పింది?” అని అడిగాను. 

“ఆఖరి దినం. మ్యాచుకు పోకముందు.”

“మరి నేను అడిగితే తెల్వదంటివి?”

“మీరెప్పుడు అడిగిండ్రు?” ఇప్పుడామె లోపలికి వచ్చింది. ఇన్ని రోజులుగా దాచుకున్నదంతా ఒక్కసారి బయటికొచ్చింది. “మీరు నన్ను ఒక్క మాట అడిగిండ్రా మేడం? ఒక్క పరీక్ష పెట్టిండ్రా? అందరికి పెడతరు, నాకు పెట్టలే. పెడితే నేను పాస్ అయితుంటి, గంతే కద మీ భయం? బంతి పట్టిన. అన్నం తినకముందే మీరు, కోచ్ సారు మాట్లాడుకున్నరు. సక్కగ తీస్కపోయి డగౌట్ల కూసోబెట్టిండ్రు. నేనేమన్న పిచ్చిదాన్నా?”

“ఏందే గట్ల మాట్లాడుతవు మేడంతోని?” అంటూ తల్లి చాయ్ గ్లాసులతో వచ్చింది.

“అన్నం తిన్నరా మీరు, గా దినం?” అని అడిగాను.

“యాడ తిన్నం?” అంది రవళి. “తిననిచ్చిండ్రా?”

తొక్కు లేదు. రెండుసార్లు వడ్డించడం లేదు. హోటల్ గది లేదు, రాగం తీసి చెప్పిన నెలలు లేవు, ఒంటికాలి మీద నిలబడటం లేదు, నా చెయ్యి పట్టుకుని బతిమాలటం లేదు. పొద్దున బంతి పట్టుకున్న క్షణం నుంచి సాయంత్రం డగౌట్ దాకా ఆమె తలలో తెల్ల కాగితం. దెబ్బకు ముందు విన్న షిఫ్టు తర్వాత గుర్తుకొచ్చింది, ఆ పూట మాత్రం రాలేదు. ఆ కాగితం మీద కోపం తనకు తోచిన కథ రాసుకుంది. తలకు దెబ్బ తగిలిందనడానికి నాకు ఇంతకంటే రుజువు ఏ మెషీనూ ఇవ్వదు. ఆ రుజువు నన్ను తిడుతూ నా ఎదుట నిలబడి ఉంది.

చాయ్ తాగాను.  ఒక మనిషి నా మీద అరుస్తుంటే అంత హాయిగా ఉంటుందని అంతకుముందు నాకు తెలియదు. తర్వాత నెమ్మదిగా జరిగింది చెప్పాను, తొక్కు దగ్గరి నుంచి. ఓదెలు విన్నాడు, తువ్వాల నోటికి అడ్డం పెట్టుకున్నాడు. తల్లి వెళ్లి బిడ్డ తల నిమిరింది, దెబ్బ ఎక్కడుందో ఇప్పుడు వెతుకుతున్నట్టు. రవళి అంతా విని, “నేను నమ్మ,” అంది. “స్కానింగ్‌ల ఏం లేదని రాసిండ్రు.”

ఆ తర్వాత నేను వెళ్లిన ప్రతి క్యాంపులో మామూలు పరీక్షతో పాటు ఒక్కో పిల్లను ఒక్కో ఇంటి ప్రశ్న అడిగి ఉంచుకుంటున్నాను. ఇంట్లో పాలు ఎవరు పిండుతారు, నాయన బండి ఎటు పోయింది, చెల్లి ఏ బెంచీలో కూర్చుంటుంది, ఇలాంటివి. బట్టీ పట్టలేని ప్రశ్నలు. అంతా బాగున్నప్పుడు అడిగితే పిల్లలు నవ్వుతారు. నవ్వితే మంచిదే, తలలో ఇల్లు ఉన్న చోటే ఉందని అర్థం. కాల్ విషయంలో కూడా కోచ్ మారాడు. క్యాంపు మొదటి రోజు అందరినీ కూర్చోబెట్టి, ఎవరి నోటికి బంతి మీదికొచ్చినప్పుడు ఏ మాట వస్తుందో అడిగి, ఆ మాట మిగతావాళ్లందరికీ నేర్పిస్తున్నాడు. పంజాబ్ పిల్లలు ఇప్పుడు “నా” అంటే తప్పుకుంటున్నారు.

రవళి మళ్లీ ఆడుతోంది. ఈ మధ్య ఒక సంస్థ జట్టు ట్రయల్స్‌కు పిలుపు వచ్చిందని ఓదెలు ఫోన్ చేసి చెప్పాడు. టేపు వేయించుకోవడానికి నా దగ్గరికే వస్తుంది, దగ్గర్లో ఇంకెవరూ లేరు కాబట్టి. కాలు చాపుతుంది, ముఖం తిప్పుకుంటుంది. నేనే ఆమె పతకం పోగొట్టానని ఇప్పటికీ ఆమె నమ్మకం. రెండుసార్లు వివరించి చూసి మానుకున్నాను. ఇంత కాలం ఇంత కోపాన్ని, పూస గుచ్చినట్టు, ఒక్క రోజు కూడా తప్పకుండా గుర్తుపెట్టుకుంటున్న పిల్ల తలకు ఇక ఢోకా లేదు. ఫిజియోగా నాకు కావలసింది అదే.